తెలిసిన పాటే, పేరు మాత్రం రాదు

అందరికీ నమస్కారం.

సంక్రాంతికి మన మాగుంట లేఅవుట్‌లో అపార్ట్‌మెంట్ల మధ్య పాటల పోటీ పెట్టుకుంటున్నాం కదా. "పాట ముక్క వినిపించి సినిమా పేరు అడిగే ఆటలో గెలవాలంటే ఏం చేయాలో ఒక అరగంట చెప్పన్నా" అని కమిటీ పిల్లలు పట్టుబట్టారు. నేను చాలా ఏళ్లు ఆర్కెస్ట్రాలో కీబోర్డు వాయించినవాణ్ణి. కావలి, కోవూరు, కందుకూరు పెళ్లిళ్లలో, శ్రీరామనవమి పందిళ్లలో ఎవరో చీటీ మీద పల్లవి రాసి స్టేజీ మీదికి పంపుతారు. రెండు నిమిషాల్లో ఎత్తుకోవాలి. ఇప్పుడు క్విజ్‌లు నడుపుతున్నాను. అక్కడా ఇక్కడా నేను చూసింది ఒకటే. ఓడిపోయేవాళ్లు పాటలు తెలియక ఓడిపోవడం లేదు. పాట మొదలవగానే తల ఊపుతారు, తొడ మీద తాళం వేస్తారు. పేరు అడిగితే మాత్రం "అబ్బా, అదే సామీ, ఆ ఎర్ర చొక్కా వేసుకుని కొండ మీద..." అంటారు. ఈలోపు పక్క టీమ్ బజర్ కొట్టేసి ఉంటుంది.

పాటను గుర్తుపట్టడం వేరు, దాని పేరు నోటికి రావడం వేరు. ఈ రెండింటికీ సాధన కూడా వేర్వేరుగానే చేయాలి.

ముందు గుర్తుపట్టడం సంగతి. ఇందులో మన చెవి మనం అనుకునేదానికన్నా చురుకైనది. అమెరికాలో కార్నెల్ యూనివర్సిటీ ప్రొఫెసర్ క్యారల్ క్రుమ్‌హాన్సెల్ 2010లో ఒక ప్రయోగం ప్రచురించారు. పేరున్న పాప్ పాటల్లోంచి 400 మిల్లీసెకన్ల ముక్కలు కోసి వినిపించారు. అంటే అర సెకను కూడా లేదు. నాలుగింట ఒక వంతు కన్నా ఎక్కువసార్లు జనం పాట పేరు, పాడినవాళ్ల పేరు రెండూ చెప్పగలిగారు. అంతకుముందు 1999లో షెలెన్‌బర్గ్ అనే పరిశోధకుడి బృందం ఇంకా చిన్న ముక్కలతో చూసింది. ఐదు పాటల పేర్లు ముందే ఇచ్చి, సెకనులో పదో వంతు ముక్క వినిపించి, ఇది వాటిలో ఏదో చెప్పమన్నారు. గుడ్డిగా చెబితే వచ్చేదానికన్నా మెరుగ్గానే చెప్పారు. ఆ ముక్కలనే వెనక నుంచి ముందుకు తిప్పి వినిపిస్తే మాత్రం తడబడ్డారు.

సెకనులో పదో వంతులో రాగం ఎక్కడుంటుంది? తాళం ఎక్కడుంటుంది? ఒక స్వరం పూర్తిగా పలకదు. అక్కడ ఉండేది వాయిద్యాల నాదం, అవి కలిసిన తీరు, రికార్డింగ్ గది గాలి. అందుకే నేను చెప్పే మొదటి మాట: ట్యూన్ కోసం ఎదురుచూడకండి. మొదటి సెకనులో సౌండ్ వినండి.

సౌండ్ వినడం అంటే ఏమిటో కాస్త విడమరిచి చెబుతాను. 1950లు, 60ల పాటల్లో వాయిద్యాలు, గొంతు అన్నీ కలిపి కొద్ది మైకులతో మోనోలో రికార్డు చేసేవాళ్లు. వీణ, ఫ్లూటు, తబలా అన్నీ ఒకే గోడ దగ్గర నిలబడి వాయిస్తున్నట్టు వినిపిస్తాయి. డెబ్బైల చివర సంగీత దర్శకుడు చక్రవర్తి పాటలకు వస్తే బాంగోలు, డ్రమ్ములు ముందుకొచ్చి కూర్చుంటాయి. ఎనభైల్లో ఇళయరాజా పాటైతే, పైన వయొలిన్లు గుంపుగా లేస్తుంటే కింద బేస్ గిటార్ ఆ పాటతో సంబంధం లేనట్టు తన దారిలో తను ఇంకో పాట పాడుకుంటూ పోతుంది. ఆ బేస్ లైన్ వినడం అలవాటైతే సగం రౌండు మీదే. కానీ ఫోన్ స్పీకర్‌లో బేస్ దాదాపు వినపడదు. ఫోన్‌లో సాధన చేసి వచ్చి స్టేజీ మీద పెద్ద బాక్సుల్లో విన్నవాళ్లు అందుకే తికమక పడతారు. ఇయర్‌ఫోన్స్ పెట్టుకుని సాధన చేయండి.

కీబోర్డు మనిషిని కాబట్టి నా సొంత గుర్తు ఒకటి చెబుతాను. యమహా డీఎక్స్7 అనే కీబోర్డు 1983లో మార్కెట్లోకి వచ్చింది. అందులో ఎలక్ట్రిక్ పియానో సౌండ్ ఒకటుంది, గాజు మీద చిన్న సుత్తితో కొట్టినట్టు ఉంటుంది. అది వినపడిందంటే పాట 1983కి ముందుది కాదు, వేరే ఆలోచన అక్కర్లేదు. అలాగే గొంతులో తప్పిన శ్రుతిని కంప్యూటర్‌లో సరిదిద్దే ఆటోట్యూన్ వచ్చింది 1997లో. గొంతు స్వరం నుంచి స్వరానికి జారకుండా మెట్టు మెట్టుగా ఎగురుతుంటే ధైర్యంగా 2000 తర్వాతి గడిలో పెట్టండి.

గొంతు దగ్గర ఒక చిక్కుంది. మన నెల్లూరులో పెరిగిన బాలు గారి గొంతు వినపడగానే "ఎస్పీ బాలు!" అని అరిచి సంబరపడేవాళ్లు ప్రతి పోటీలోనూ ఉంటారు. దాంతో ఏం తేలింది? ఆయన మొదటి పాట రికార్డయింది 1966లో. అక్కడి నుంచి యాభై ఏళ్లకు పైగా పాడారు. ఆ గొంతు వయసు పట్టుకోవాలి. మొదటి ఏళ్లలో సన్నగా, లేతగా, కాస్త పై స్థాయిలోనే తేలుతుంది. ఎనభైలకు వచ్చేసరికి నిండుతుంది, మధ్యలో చిన్న నవ్వు, ఊపిరి విసురు చేరతాయి. తర్వాత తర్వాత కింది స్వరాల్లో బరువు పెరుగుతుంది. ఆయన పాటలు దశాబ్దానికి ఐదు చొప్పున తీసుకుని వరుసగా ఒక సాయంత్రం వినండి. ఇక మరిచిపోరు. సుశీల గారికీ, జానకి గారికీ ఇదే పద్ధతి పనిచేస్తుంది.

ఏడాది అడిగే ఆటలకు ఇది ప్రాణం. హిట్‌స్టర్ అనే కార్డుల ఆట కొందరి ఇళ్లలో ఉంది. కార్డు మీది క్యూఆర్ కోడ్ స్కాన్ చేస్తే పాట వస్తుంది. మీ ముందున్న కార్డుల వరుసలో అది ఏ పాటకు ముందు, ఏ పాటకు తర్వాత పడుతుందో చెప్పాలి. పది కార్డులు ముందు పేర్చినవాళ్లు గెలిచినట్టు. తేదీలు బట్టీ పడితే లాభం లేదు. మన బతుకులో గుర్తుండే ఘటనలకు పాటలను ముడి వేయండి. ఈ పాట 2004 సునామీకి ముందా, తర్వాతా? 2021లో పెన్నా పొంగినప్పటికి ఈ సినిమా వచ్చేసిందా? నేను టెన్త్‌లో ఉన్నప్పుడు ఇది ఏ హాల్లో ఆడింది? ఇలా అడుగుతూ పోతే రెండు మూడేళ్ల తేడాతో తేలిపోతుంది. ఆటకు అది చాలు.

ఇక పేరు సంగతి. అసలు కష్టం ఇక్కడే.

మన పాటకు విడిగా పేరుండదు. పల్లవి మొదటి మాటలే దాని పేరు. క్విజ్‌లో అడిగేదేమో సినిమా పేరు. కాబట్టి సౌండ్ నుంచి పల్లవికి, పల్లవి నుంచి సినిమాకు రెండు అంగలు వేయాలి. రెండో అంగలోనే అందరూ జారిపోతారు.

ఒక పోటీకి కోవూరు నుంచి ఒక పెద్దమ్మ వచ్చింది. మనవడు బలవంతాన టీమ్‌లో కూర్చోబెట్టాడు. వీణ మీటు ఒకటి పడగానే చిత్రం, రచన, సంగీతం, పాడినవారు అంటూ నాలుగూ వరుసగా, తడుముకోకుండా చెప్పింది. ఆ వరుస, ఆ గొంతు నిదానం విని నాకు నవ్వొచ్చింది. అచ్చం రేడియో అనౌన్సరే. వివిధ భారతి 1957లో మొదలైంది. ఆ తరం వంటింట్లో పప్పు రుబ్బుతూ విన్న ప్రతి పాటకు ముందూ ఎవరో ఒకరు దాని పుట్టుపూర్వోత్తరాలు చెప్పారు. పాటా పేరూ జంటగా బుర్రకెక్కాయి. ఇప్పుడు ఫోన్ జేబులో ఉంటుంది, యాప్ ఒకదాని తర్వాత ఒకటి తనే వేసుకుంటూ పోతుంది. వందసార్లు విన్న పాట పేరు ఒక్కసారి కూడా కంటపడదు. లక్షల పాటలు అందుబాటులో ఉన్న కుర్రాళ్లు ఆ పెద్దమ్మ ముందు నోరు తెరుచుకుని కూర్చోవడానికి కారణం ఇదేనని నా నమ్మకం.

దీనికి మందు ఉంది. ఊరికే మళ్లీ మళ్లీ వింటే రాదు. 2006లో రోడిగర్, కార్పికె అనే ఇద్దరు పరిశోధకులు విద్యార్థులతో చేసిన ప్రయోగాల్లో ఇది తేలింది. పాఠాన్ని మళ్లీ మళ్లీ చదివినవాళ్లకన్నా, చదివాక పుస్తకం మూసి గుర్తు తెచ్చుకున్నవాళ్లకు వారం తర్వాత ఎక్కువ నిలిచింది. పాటలకూ అదే చేయండి. ముప్పై పాటల ప్లేలిస్ట్ పెట్టి, వరుస కలిపేసి, ఫోన్ బోర్లా తిప్పండి. గొంతు మొదలయ్యేలోపు సినిమా పేరు పైకి చెప్పండి. మనసులో అనుకుంటే లెక్కలోకి రాదు, మనసు భలే మోసం చేస్తుంది. చెప్పాకే తిప్పి చూడండి. తప్పిన పాటలను వేరే లిస్టులో వేసి మర్నాడు ఒకసారి, మూడు రోజులకు ఒకసారి, వారానికి ఒకసారి తిరగేయండి. వచ్చేసిన పాటలు వినడం హాయిగానే ఉంటుంది గానీ దానివల్ల పోటీకి లాభం లేదు.

పోటీలో పేరు గొంతులో ఇరుక్కుంటే ఏం చేయాలి? బిగుసుకుపోకండి, టెన్షన్ పడేకొద్దీ అది ఇంకా లోపలికి పోతుంది. స్పీకర్ ఆపేసినా మీరు లోపల పాటను నడపండి. వాయిద్యాల బిట్ చివరకొస్తే పల్లవి దానంతటదే అందుకుంటుంది. చరణానికి ముందొచ్చే వాయిద్యాల ముక్క, అదే ఇంటర్లూడ్, వినిపించారనుకోండి, మామూలుగా క్విజ్ మాస్టర్లం చేసే తుంటరి పని అదే, తర్వాతి చరణం పాడుకుంటూ పల్లవికి తిరిగి రండి. అదీ కుదరకపోతే క, చ, త, ప, మ అని అక్షరాలు నెమ్మదిగా తిప్పండి. ఒక్కోసారి మొదటి అక్షరం తగలగానే పేరంతా ఊడిపడుతుంది.

టీమ్ గురించి ఒక్క మాట. పదేళ్ల నుంచి పాతికేళ్ల లోపు విన్న పాటలే మనిషికి జీవితాంతం గట్టిగా నిలుస్తాయి. అందరూ ఒకే ఈడువాళ్లయితే ఒక దశాబ్దంలో పులులు, మిగతా వాటిలో పిల్లులు. అమ్మమ్మనో, పెదనాన్ననో బతిమాలి కూర్చోబెట్టుకోండి. వాళ్లకు బజర్ అంటే మొహమాటం. బజర్ మీరు కొట్టండి, చెప్పేది వాళ్లు.

డబ్బింగ్ పాటలతో జాగ్రత్త. తమిళంలోనూ తెలుగులోనూ బిట్ ఒకటే ఉంటుంది, సినిమా పేరు మారుతుంది. సూళ్లూరుపేట, తడ వైపు వాళ్లు తమిళ పేరే ముందు చెప్పేస్తారు. అది చెల్లుతుందా లేదా అనేది ఆట మొదలవకముందే అడిగి పెట్టుకోండి, తర్వాత గొడవలు వద్దు. రీమిక్స్ అయితే ట్యూన్ పాతది, డ్రమ్ములు కొత్తవి. రెండూ పొసగనట్టు అనిపిస్తే గొంతు వచ్చేదాకా ఆగండి.

చివరగా బజర్. కొట్టగానే జవాబు చెప్పాలనే నిబంధన ఉంటే పేరు నోట్లోకి వచ్చాకే కొట్టాలి. కొట్టాక టైమ్ ఇస్తారంటే, "ఇది నాకు తెలుసు" అనిపించిన క్షణంలోనే కొట్టేయాలి, పేరు ఆ టైమ్‌లో వెతుక్కోవచ్చు. మన పోటీలో ఐదు సెకన్లు ఇవ్వమని కమిటీని అడిగాను, ఒప్పుకున్నారు. తప్పు చెబితే మాత్రం మైనస్ ఉంది. మొదటి రౌండు పాత పాటలది, రెండోది ఇంటర్లూడ్లది. మూడో రౌండు ఏమిటని ఇందాక టీ దగ్గర ఇద్దరు ముగ్గురు నన్ను పక్కకు లాగి అడిగారు. అది మాత్రం చెప్పను.