చెయ్యి వేగం, బంతి నిదానం

శ్రోతలకు నమస్కారం.

2012 జూన్ 1, శుక్రవారం రాత్రి. న్యూయార్క్‌లోని సిటీ ఫీల్డ్ మైదానం. మెట్స్ బేస్‌బాల్ జట్టు మేనేజర్ టెర్రీ కాలిన్స్ డగౌట్‌లో నిలబడి లెక్కపెడుతున్నాడు. పరుగుల్ని కాదు, తన పిచర్, అంటే మన బౌలర్ లాంటివాడు, విసురుతున్న బంతుల్ని. ఆ పిచర్ యోహాన్ సాంతానా, వెనెజువెలా మనిషి, ఎడమచేతి వాటం. 2010లో అతడి భుజానికి శస్త్రచికిత్స జరిగింది. ఆ దెబ్బకు 2011 సీజన్ మొత్తం పోయింది. అందుకే ఎట్టి పరిస్థితిలోనూ 115 బంతులకు అటూ ఇటూగా ఆపేయాలని కాలిన్స్ మనసులో గీత గీసుకున్నాడు. తీరా చూస్తే ఎనిమిదో ఇన్నింగ్స్ ముగిసేసరికే ఆ గీత దాటిపోయింది. ఆపుదామంటే ప్రత్యర్థి సెయింట్ లూయిస్ కార్డినల్స్‌కు అప్పటిదాకా ఒక్క హిట్ కూడా లేదు, అంటే తన దెబ్బతో క్షేమంగా బేస్ చేరిన బ్యాటర్ ఒక్కడూ లేడు. మెట్స్ జట్టు 1962లో పుట్టింది. ఆ రాత్రికి ముందు ఆడిన 8,019 మ్యాచ్‌ల్లో ఆ జట్టు పిచర్ ఎవరూ ఒక్క హిట్ కూడా ఇవ్వకుండా ఆట ముగించలేదు.

మొత్తం తొమ్మిదిలో ఇంకొక్క ఇన్నింగ్స్ మిగిలింది. కాలిన్స్‌ను కాసేపు అక్కడే ఉంచి, మనం కొంచెం వెనక్కి వెళదాం.

దక్షిణ అమెరికా అనగానే మనకు ఫుట్‌బాల్ గుర్తొస్తుంది. వెనెజువెలా తీరు వేరు. అక్కడ జనం గుండె బేస్‌బాల్ కోసం కొట్టుకుంటుంది. 1941లో హవానాలో జరిగిన అమెచ్యూర్ ప్రపంచ పోటీల్లో క్యూబాను దాని సొంత గడ్డ మీదే ఓడించి తిరిగొచ్చిన జట్టును ఆ దేశం నేటికీ తలచుకుంటుంది. కాని సాంతానా ఊరు తొవార్ ఈ ఆటకు పేరుపడ్డ తావు కాదు. అది మెరీదా రాష్ట్రంలో, ఆండీస్ కొండల నడుమ ఉంటుంది. మైదాన ప్రాంతాల వాళ్లు ఈ కొండవాళ్లను కాస్త వేళాకోళంగా 'గోచో' అంటారు. సాంతానా ఆ మాటను నామోషీ అనుకోలేదు. అమెరికా వెళ్లాక కూడా 'ఎల్ గోచో' అన్న పేరుతోనే చలామణీ అయ్యాడు.

1979లో పుట్టిన ఈ కుర్రాడు మొదట పిచర్ కాడు. మైదానం మధ్యలో వెనకాల నిలబడి గాల్లోకి లేచిన బంతుల్ని పట్టేవాడు. హ్యూస్టన్ ఆస్ట్రోస్ జట్టు తరఫున వెనెజువెలాలో ఆటగాళ్లను వెతికే ఆంద్రెస్ రైనర్ కొండదారి పట్టి తొవార్ దాకా వచ్చి ఇతణ్ణి చూశాడు. కుర్రాడి భుజంలో బలం ఉందని కనిపెట్టాడు. 1995లో ఒప్పందం కుదిరింది. బంతి పట్టే చేతిని విసిరే చేతిగా మార్చింది ఆస్ట్రోస్ వాళ్లే. విడ్డూరం ఏమిటంటే, అతణ్ణి పోగొట్టుకున్నదీ వాళ్లే.

అక్కడొక నియమం ఉంది. కింది స్థాయి జట్లలో కొన్నేళ్లుగా ఉన్న ఆటగాణ్ణి రక్షిత జాబితాలో పెట్టకపోతే, డిసెంబరులో వేరే జట్టు ఎత్తుకుపోవచ్చు. కాకపోతే అలా తీసుకున్నవాణ్ణి మరుసటి ఏడాదంతా పై స్థాయి జట్టులోనే ఉంచుకోవాలి. 1999లో ఆస్ట్రోస్ సాంతానాను జాబితాలో పెట్టలేదు. మిన్నెసోటా ట్విన్స్, ఫ్లోరిడా మార్లిన్స్ ముందే మాట్లాడుకుని, నీవు వాణ్ణి తీసుకో, నేను వీణ్ణి తీసుకుంటాను, తర్వాత మార్చుకుందాం అనుకున్నాయి. మార్పిడిలో ట్విన్స్‌కు సాంతానాతో పాటు 50,000 డాలర్లు కూడా వచ్చాయి! కట్నమిచ్చి మరీ సాగనంపారన్నమాట. 2000లో 21 ఏళ్ల ఆ కుర్రాడు పై స్థాయిలో బాగానే దెబ్బలు తిన్నాడు. తొమ్మిది ఇన్నింగ్స్‌కు సగటున 6.49 పరుగులు ఇచ్చాడు. పిచర్ లెక్కల్లో అది తల దించుకోవలసిన అంకె.

ఇక అసలు సంగతి. క్రికెట్ తెలిసిన మనకు ఇది ఇట్టే బోధపడుతుంది. బేస్‌బాల్‌లో బంతి నేలను తాకకుండా నేరుగా వస్తుంది. పిచర్ నిలబడే చోటుకూ బ్యాటర్ ముందుండే పలకకూ మధ్య దూరం 60 అడుగుల 6 అంగుళాలు. గంటకు సుమారు 150 కిలోమీటర్ల వేగంతో వచ్చే బంతికి ఆ దూరం దాటడానికి అర సెకను కూడా పట్టదు. బంతిని చూసి, తర్వాత ఆలోచించి బ్యాటు ఊపుదామంటే కుదరదు. పిచర్ భుజం తిరిగే తీరును బట్టే బ్యాటర్ వేగాన్ని ఊహించుకుని సిద్ధపడాలి. సాంతానా దొంగదెబ్బ సరిగ్గా అక్కడే తగిలేది. అతడి ఆయుధం చేంజప్. స్పానిష్‌లో దాన్ని 'కాంబియో', అంటే మార్పు అంటారు. బొటనవేలు, చూపుడువేలు కలిపి బంతి పక్కన సున్నా చుట్టి, బంతిని మిగిలిన మూడు వేళ్లకు అప్పగించాలి. అది అరచేతిలోకి లోతుగా ఒదుగుతుంది. చెయ్యి మాత్రం వేగబంతికి తిరిగినంత జోరుగానే తిరగాలి. రవ్వంత నెమ్మదించినా గుట్టు రట్టవుతుంది. చెయ్యి 150 చెబుతుంది, బంతి 130 దగ్గర వస్తుంది. బ్యాటు ముందే తిరిగిపోతుంది. చీకట్లో లేని మెట్టు ఉందనుకుని కాలు వేసినవాడిలా బ్యాటర్ తూలిపోతాడు.

మన టీ20 బౌలర్లు చివరి ఓవర్లలో వేసే నెమ్మది బంతి కూడా ఈ జాతిదే. అయితే సాంతానా దాన్ని సమయం చూసి బయటికి తీసే చిట్కాగా వాడుకోలేదు, దాని మీదే బతికాడు. 2002లో ట్విన్స్ అతణ్ణి కెనడాలోని ఎడ్మంటన్‌కు, కింది స్థాయి జట్టుకు పంపింది. అక్కడ బాబీ క్వెయ్యార్ అనే కోచ్ ఒక షరతు పెట్టాడు: ఎదుట ఎవరున్నా, ఆట ఏ మలుపులో ఉన్నా, ప్రతి బ్యాటర్‌కూ కనీసం ఒక చేంజప్ వేయాల్సిందే. భయం పోవడానికి అంతకన్నా మంచి మందు లేదేమో.

ఆ తర్వాత జరిగినదానికి అంకెలే సాక్ష్యం. 2004లో 20 గెలుపులు, 6 ఓటములు, 265 స్ట్రయికౌట్లు, అంటే మూడు స్ట్రయిక్‌లతో బ్యాటర్‌ను అవుట్ చేయడం. ఆ ఏడాది రెండో సగంలో 13 మ్యాచ్‌లు గెలిచి ఒక్కటీ ఓడలేదు. పై స్థాయిలోని రెండు లీగుల్లో ఒకటైన అమెరికన్ లీగ్‌లో ఉత్తమ పిచర్‌కు ఇచ్చే సై యంగ్ అవార్డు ఏకగ్రీవంగా వచ్చింది. ఆ అవార్డు అందుకున్న మొదటి వెనెజువెలా ఆటగాడు అతడే. 2006లో మళ్లీ ఏకగ్రీవం. ఈసారి గెలుపుల్లో ఉమ్మడిగా, స్ట్రయికౌట్లలోనూ పరుగుల సగటులోనూ ఒంటరిగా, రెండు లీగుల మీదా అతడిదే పైచేయి. 2004 నుంచి 2008 దాకా ఏటా 200 ఇన్నింగ్స్‌కు పైనే వేశాడు, ఏటా 200 మందికి పైగా స్ట్రయికౌట్ చేశాడు. 2008లో మెట్స్ అతడికి ఆరేళ్లకు 13 కోట్ల 75 లక్షల డాలర్లు రాసిచ్చింది. అప్పటికి ఏ పిచర్‌కూ అంత ముట్టలేదు.

నన్నడిగితే అతడి గొప్ప ఆట ఆ అవార్డుల ఏళ్లలోది కాదు. 2008 సెప్టెంబరు 27. మెట్స్ ముందంజ వేయాలంటే గెలిచి తీరాలి. పిచర్లకు మామూలుగా నాలుగు రోజుల విశ్రాంతి ఇస్తారు, సాంతానా మూడు రోజులకే బంతి అందుకున్నాడు. మార్లిన్స్ మీద తొమ్మిది ఇన్నింగ్స్ తానే వేసి, మూడంటే మూడు హిట్లు ఇచ్చి, 2-0తో గెలిపించాడు. కొద్ది రోజులకు అతడి మోకాలికి శస్త్రచికిత్స చేశారు. కీలులోని మృదులాస్థి చిరిగి ఉండగానే ఆ 117 బంతులూ విసిరాడు. మర్నాడు మెట్స్ ఓడి ఇంటిదారి పట్టింది. పడ్డ శ్రమంతా బూడిదలో పోసిన పన్నీరైంది.

మళ్లీ కాలిన్స్ దగ్గరకు వద్దాం. ఆ రాత్రి అదృష్టం కూడా సాంతానా పక్కనే నిలిచింది. ఆరో ఇన్నింగ్స్‌లో కార్డినల్స్ బ్యాటర్ కార్లోస్ బెల్ట్రాన్ కొట్టిన బంతి మూడో బేస్ దాటి సున్నపు గీతను తాకింది. అంటే అది హిట్. అంపైర్ మాత్రం గీత బయట పడిందన్నాడు. టీవీలో సున్నం మీద మచ్చ కనిపిస్తూనే ఉంది. ఇలాంటి నిర్ణయాలను వీడియో చూసి సరిదిద్దే పద్ధతి 2014లో గానీ రాలేదు. ఏడో ఇన్నింగ్స్‌లో యాడియెర్ మొలీనా ఎడమ వైపు బలంగా బాదాడు. మెట్స్ ఫీల్డర్ మైక్ బాక్స్టర్ పరుగెత్తి బంతిని పట్టి, అదే ఊపున గోడకు గుద్దుకుని కూలబడ్డాడు. గాయంతో బయటికి నడిచాడు కాని బంతిని వదల్లేదు. తొమ్మిదో ఇన్నింగ్స్‌లో చివరి బ్యాటర్ డేవిడ్ ఫ్రీస్. 134వ బంతి. సాంతానా వేసింది చేంజప్ కాక మరేమవుతుంది? ఫ్రీస్ బ్యాటు గాలిని కోసింది. 8-0. తర్వాత విలేకరుల ముందు కూర్చున్న కాలిన్స్ ముఖంలో సంతోషం కన్నా దిగులే ఎక్కువ కనిపించింది.

ఆ దిగులు వృథా పోలేదు. తర్వాతి మ్యాచ్‌లో యాంకీస్ జట్టు అతడి బంతులకు వరుసగా మూడు హోమ్ రన్లు, అంటే మన సిక్సర్ల లాంటివి, కొట్టింది. జులైలో చీలమండకు దెబ్బ తగిలింది. ఆగస్టు 17న వాషింగ్టన్‌లో ఆడిన ఆటే పై స్థాయిలో అతడికి ఆఖరిదైంది. 2013లో భుజం మళ్లీ చిరిగింది, మళ్లీ కోశారు. ఆ తర్వాత రెండు జట్లు అవకాశమిచ్చినా ఒళ్లు సహకరించలేదు. ఆ 134 బంతులే అతడి కొంప ముంచాయని చాలామంది అంటారు. నేను ఒప్పుకోను. అయిదేళ్లపాటు ఏటా 200 ఇన్నింగ్స్ మోసి, ఒకసారి కుట్లు పడ్డ భుజం అది. ఒక్క రాత్రి మీద నేరం మోపడం కథకు బాగుంటుంది, భుజానికి కాదు.

2018లో అతడి పేరు హాల్ ఆఫ్ ఫేమ్, అంటే బేస్‌బాల్ మహామహుల గౌరవ భవనం, ఓటింగుకు వచ్చింది. 139 గెలుపులు, 78 ఓటములు, 3.20 సగటు, 1,988 స్ట్రయికౌట్లు. వెనెజువెలా నుంచి ఆ భవనంలో ఉన్నది లూయిస్ అపారిసియో ఒక్కడే. 422 మంది బేస్‌బాల్ విలేకరులు ఓటేస్తే సాంతానాకు పడినవి 10. అయిదు శాతం రాకపోతే పేరు జాబితా నుంచి తీసేస్తారు, తీసేశారు. అలాగని గెలుపుల సంఖ్య కారణమందామా అంటే, 30 ఏళ్లకే చేతి నొప్పితో ఆట మానేసిన శాండీ కోఫాక్స్ 165 గెలుపులతోనే ఆ భవనంలో దర్జాగా ఉన్నాడు. 165కూ 139కీ మధ్య తేడా ఎంతో శ్రోతలే లెక్కవేసుకోవచ్చు. అదే ఏడాది వేసవిలో ట్విన్స్ మాత్రం మిన్నెసోటాకు పిలిచి, తమ సొంత గౌరవ జాబితాలో అతడి పేరు చేర్చుకుంది.

సెలవు.