డబ్బు ఎవరిచ్చారు? అసాకుసా వీధుల్లో ఒక నడక

సభకు నమస్కారం. జపాన్‌లో పాత గుళ్ళు, బజార్లు గైడ్‌తో నడిచి చూడడం గురించి నాలుగు మాటలు చెప్పమన్నారు. జపాన్ మొత్తం చెప్పాలంటే తెల్లారిపోతుంది. క్యోటో వీడియోలు మీరంతా చూసే ఉంటారు. అందుకని టోక్యోలో అసాకుసా అనే ఒక్క పేట తీసుకుంటాను. అక్కడ పెద్ద గేటు నుంచి సెన్సోజీ అనే బౌద్ధ గుడి దాకా దూరం అర కిలోమీటరు కూడా ఉండదు. మనంతట మనం వెళితే ఫొటోలతో సహా గంటలోపే అయిపోతుంది. మా గైడ్‌తో ఒక పూటంతా పట్టింది. అంతసేపు ఏం చూశామన్నదే ఇవాళ్టి ముచ్చట.

మా గైడ్ ఒక పెద్దావిడ, టీచరుగా పనిచేసి రిటైరయ్యారు. గేటు దగ్గర మొదలుపెడతారనుకున్నాం. ఆవిడ మెట్రో స్టేషన్లోనే ఆపేశారు. మేం ఎక్కి వచ్చిన గింజా లైన్లో మొదటి ముక్క ఇదే, అసాకుసా నుంచి ఉయెనో దాకా. 1927లో వేశారు. ఆసియాలో మొట్టమొదటి భూగర్భ రైలు అదే. ఇంత పెద్ద నగరంలో ముందు ఇక్కడే ఎందుకు వేశారని అడిగితే, జనం ఇక్కడ ఉన్నారు కాబట్టి అన్నారు. పగలు గుడి, సాయంత్రం నాటకాలు, సినిమాలు. దేశంలో మొదటి శాశ్వత సినిమా హాలు 1903లో వచ్చింది ఈ పేటలోనే. రైలు కంపెనీకి టికెట్లు అమ్ముడుపోవాలి కదా!

ఆవిడ పద్ధతే అంత. ప్రతి చోటా ఆగి ముందు ఒకటే ప్రశ్న: "దీనికి డబ్బు ఎవరిచ్చారు?" మన గుళ్ళలో శాసనాలు చదివే అలవాటున్నవాళ్ళకు ఈ ప్రశ్న కొత్త కాదు. గోడల నిండా దీపానికి ఇన్ని గొర్రెలిచ్చారనీ, నైవేద్యానికి ఇంత భూమి ఇచ్చారనీ దాతల లెక్కలే ఉంటాయి. దేవుడి కథ ఎవరైనా చెబుతారు. లెక్క చెప్పే గైడ్ దొరకడమే అరుదు.

గేటు పేరు కామినారిమోన్. కుడి పక్కన గాలి దేవుడు, ఎడమ పక్కన ఉరుముల దేవుడు, మధ్యలో ఎర్రటి కాగితపు లాంతరు. దాని ఎత్తు 3.9 మీటర్లు, బరువు సుమారు 700 కిలోలు. అందరూ దాని ముందు నిలబడి ఫొటో దిగి లోపలికి వెళ్ళిపోతారు. ఆవిడ మమ్మల్ని సరిగ్గా దాని కిందకు తీసుకెళ్ళి తల పైకెత్తమన్నారు. అడుగున చెక్కతో చెక్కిన డ్రాగన్ ఉంది. దాని చుట్టూ ఉన్న లోహపు కట్టు మీద అక్షరాలున్నాయి. ఏ మంత్రమో అనుకుంటాం. అది కంపెనీ పేరు, మాత్సుషితా, అంటే ఇప్పటి పానసోనిక్.

సంగతేమిటంటే, పాత గేటు 1865లో అగ్నిప్రమాదంలో కాలిపోయింది. ఆ తర్వాత 95 ఏళ్ళు అక్కడ శాశ్వతమైన గేటు లేదు. పానసోనిక్ స్థాపకుడు కొనొసుకే మాత్సుషితా జబ్బుపడి, ఈ గుడి కన్నన్ దేవతకు మొక్కుకుని కోలుకున్నారట. ఆ మొక్కు కింద 1960లో గేటు కట్టించి ఇచ్చారు. లాంతరు సుమారు పదేళ్ళకోసారి కొత్తది చేయిస్తారు, ఇప్పటికీ ఆ కంపెనీ ఖర్చే. ప్రపంచమంతా "పాత జపాన్" అని ఫొటో తీసుకునే గేటు మన మధ్యే ఉన్న చాలామంది పెద్దవాళ్ళకంటే చిన్నది.

గేటు దాటితే నాకామిసె వీధి. 250 మీటర్ల పొడవు, రెండు వైపులా కలిపి 89 చిన్న చిన్న కొట్లు. గుడి ముందు కొట్లుంటే మనకు కొంచెం చిరాకు. భక్తిని వ్యాపారం చేశారంటాం. ఈ వీధి కథ వింటే ఆ మాట అంత తేలిగ్గా అనలేం. పదిహేడో శతాబ్దం చివర్లోనో, పద్ధెనిమిదో శతాబ్దం మొదట్లోనో, గుడి ఆవరణ ఊడ్చి శుభ్రం చేసే బాధ్యత చుట్టుపక్కల కాపురముండేవాళ్ళ మీద పడింది. దానికి బదులుగా దారి పక్కన కొట్టు పెట్టుకునే హక్కు ఇచ్చారు. అంటే ఈ బజారు ఊడ్చినందుకు ఇచ్చిన ప్రతిఫలం. గుడికి పక్కన పుట్టుకొచ్చిన బజారు కాదిది, గుడి పనిలో ఒక భాగం.

తర్వాత చక్రవర్తి పేరిట ఏర్పడ్డ మెయిజీ ప్రభుత్వం వచ్చి గుడి భూముల్ని లాగేసుకుంది. 1885లో టోక్యో పాలకులు పాత కొట్లన్నీ తీయించి ఎర్ర ఇటుక కొట్లు కట్టించారు. 1923 మహాభూకంపంలో అవి కూలిపోయాయి. 1925లో కాంక్రీటుతో మళ్ళీ కట్టారు. 1945 బాంబు దాడుల్లో లోపలి సరుకంతా కాలిపోయినా గోడలు నిలిచాయి. ఇప్పుడు మనం చూసేవి ఆ కొట్లే. స్థలం తర్వాత మళ్ళీ గుడికి చేరింది, కట్టడాలు మాత్రం టోక్యో ప్రభుత్వానివి. చాలాకాలం అలాగే గడిచింది.

2017లో ఆ కట్టడాల్ని గుడి కొనేసింది. అద్దె పెంచుతామంది. పది చదరపు మీటర్ల కొట్టుకు నెలకు దాదాపు 15,000 యెన్లుండే అద్దె 2,50,000 దాకా పోతుందని పేపర్లలో వచ్చింది. పదహారు రెట్లు! చుట్టుపక్కల రేటు అదేనని గుడి వాదన, ఇన్నేళ్ళ పాత సంబంధానికి విలువ ఇదేనా అని కొట్లవాళ్ళ బాధ. చివరకు దశలవారీగా పెంచుకునేలా రాజీకొచ్చారు. నాకు రెండు పక్షాల మాటా అర్థమవుతుంది గానీ, ఊడ్చేవాళ్ళ హక్కుగా మొదలైన వీధి మార్కెట్ రేటు దగ్గరకు చేరడం మాత్రం మింగుడుపడలేదు. సొంతంగా తిరిగితే ఇది తెలిసే అవకాశమే లేదు. కొట్టు మీద బోర్డు కట్టి పెట్టరు కదా.

ఇక తిండి. మీరంతా ఎదురుచూస్తున్నది దీనికోసమేనని తెలుసు. ఇక్కడ పేరుపడ్డది కామినారి ఒకోషి, బియ్యాన్ని పేల్చి పంచదార పాకంలో వేరుశెనగపప్పుతో కలిపి ముక్కలు కోస్తారు. నోట్లో వేసుకుంటే మన మరమరాల ఉండే. నింగ్యోయాకి అని ఇంకొకటి, ఇనుప అచ్చులో పిండి పోసి, మధ్యలో తీపి ఎర్ర చిక్కుడు ముద్ద పెట్టి కాలుస్తారు. అచ్చు మూస్తూ, తిప్పుతూ, తీస్తూ కొట్టువాడి చేతులు ఒక్క క్షణం ఆగవు. శాకాహారులు జాగ్రత్త, ఆ పిండిలో గుడ్డు ఉంటుంది. సోయా సాస్ పూసి కాల్చిన బియ్యపు అప్పడం లాంటి సెంబె దొరుకుతుంది కానీ, వాటిలోనూ రొయ్యలవి ఉంటాయి, చేపల రుచి కలిపినవీ ఉంటాయి. గైడ్ చేత అడిగించుకోవడం మేలు. ఇంకో మాట, కొన్నది కొట్టు ముందే నిలబడి తినేయాలి. తింటూ నడవడం అక్కడ మర్యాద కాదు. చెత్తబుట్టలు వెతికినా దొరకవు, కవరు జేబులోనే.

వీధి చివర రెండో గేటు, హోజోమోన్. స్టీలు వ్యాపారి యొనెతారో ఒతాని విరాళంతో 1964లో కట్టారు. వెనక వైపు రెండు పెద్ద గడ్డి చెప్పులు వేలాడుతుంటాయి. ఒక్కోటి 4.5 మీటర్ల పొడవు. ఇంత చెప్పులు తొడిగేవాడు లోపల కాపలా ఉన్నాడని దుష్టశక్తులు పారిపోవాలట. వాటిని యమగతా ప్రాంతంలోని మురయామా ఊరివాళ్ళు అల్లి పంపిస్తారు.

గుడి కథ 628లో మొదలవుతుంది. సుమిదా నదిలో వల వేసిన ఇద్దరు అన్నదమ్ములకు చిన్న కన్నన్ విగ్రహం దొరికిందట. కన్నన్ అంటే మన అవలోకితేశ్వరుడే, చైనా మీదుగా వెళ్ళేసరికి స్త్రీ రూపం పొందాడు. ఊరిపెద్ద ఆ విగ్రహాన్ని తన ఇంట్లో పెట్టి, ఇంటినే గుడి చేశాడంటారు. మా బృందంలో ఒకాయన వరసలో నిలబడి, "మూలవిరాట్టు ఏదండీ, కనబడదే?" అన్నారు. కనబడదు. అది రహస్య విగ్రహం, ఎవరికీ చూపించరు. దాని బదులు ముందుండే విగ్రహాన్ని కూడా ఏడాదికొక్కసారి, డిసెంబర్ 13న తెర తీసి చూపిస్తారు. దర్శనం కోసం కొండలెక్కే మనకు ఇది వింతే. అక్కడ మాత్రం లక్షలమంది వచ్చి, కనబడని దేవుడికి నాణెం వేసి, చేతులు జోడించి వెళ్ళిపోతారు.

అప్పటి సైనిక పాలకుడు, షోగున్ ఇయెమిత్సు 1649లో కట్టించిన ప్రధాన మందిరం 1923 భూకంపానికి చెక్కుచెదరలేదు. 1945 మార్చి 9-10 రాత్రి అమెరికా విమానాల దాడిలో బూడిదైంది. ఆ ఒక్క రాత్రి టోక్యోలో దాదాపు లక్షమంది చనిపోయారు. ఇప్పటి మందిరం 1958 నాటి కాంక్రీటు కట్టడం. పైకప్పు పెంకులు కూడా 2010లో టైటానియంవి వేశారు, బరువు తగ్గి భూకంపానికి తట్టుకుంటుందని. ఆవిడ మమ్మల్ని మందిరంలోకి తీసుకెళ్ళేముందు పక్కనున్న గింకో చెట్టు దగ్గర ఆపారు. మాను ఒక వైపు నల్లగా మాడి, చీలి ఉంది. ఆ రాత్రి మంటల గుర్తు. ఆకులు మాత్రం పచ్చగా ఉన్నాయి. చెయ్యి వేయొద్దన్నారు, చూడమన్నారంతే.

"మరి ఇది పాత గుడి ఎలా అవుతుంది?" అని మాలో ఒకమ్మాయి మొహమాటం లేకుండా అడిగేసింది. ఆవిడ నవ్వి, మళ్ళీ కట్టడానికి భక్తులు ఇచ్చిన చందాల సంగతి చెప్పారు. ఇల్లూ వాకిలీ కాలిపోయి, తిండికి కటకటలాడిన పేట అది. పదమూడేళ్ళలో గుడి లేపారు. నా మటుకు నాకు, పాతదనం పలక మీది తేదీలో లేదు, అలా చందాలిచ్చే అలవాటులో ఉంది.

మందిరం దగ్గరే ఒమికుజి, జాతకం చీటీలు. నాణెం వేసి, లోహపు డబ్బాను బాగా ఊపి బోర్లిస్తే సన్నని కన్నంలోంచి ఒక పుల్ల బయటికొస్తుంది. దాని మీద ఉన్న అంకె చూసి, అదే అంకె ఉన్న సొరుగు లాగి కాగితం తీసుకోవాలి. వసూలు చేసే మనిషి ఉండడు. ఇక్కడ చెడ్డ చీటీలు బాగా ఎక్కువని జపాన్ అంతా పేరు. చెడ్డది వస్తే పక్కన తీగలకు కట్టేసి వదిలేయొచ్చు. మాలో సగం మంది కట్టారు.

పక్కనే అసాకుసా మందిరం, జపాన్ సొంత మతమైన షింతోది. విగ్రహం దొరికిన ఆ అన్నదమ్ములూ ఊరిపెద్దా ఇక్కడ దేవుళ్ళు. 1868లో ప్రభుత్వం బౌద్ధాన్నీ షింతోనూ విడదీసేదాకా రెండూ కలిసే ఉండేవి. ఇది 1649 నాటి అసలు కట్టడమే, బాంబులు తప్పించుకుంది. చాలామంది తొంగి కూడా చూడరు. బౌద్ధ గుడిలో చప్పట్లు కొట్టకూడదు, ఇక్కడ రెండుసార్లు వంగి, రెండు చప్పట్లు కొట్టి, ఇంకోసారి వంగాలి. ఆవరణలోనే చిన్న గుట్ట మీద బెంటెన్ గుడి ఉంది. బెంటెన్ మన సరస్వతే. బాసరలో మనవడికి అక్షరాభ్యాసం చేయించి వచ్చిన ఒకావిడ అక్కడ చెప్పులు విప్పబోయింది. గైడ్ గారు వారించలేదు, కాసేపు ఆగారు.

చివర్లో కప్పాబాషి, పది నిమిషాల నడక. హోటళ్ళవాళ్ళు గిన్నెలు, కత్తులు, కొట్టు ముందు పెట్టే ప్లాస్టిక్ భోజనం నమూనాలు కొనే వీధి. కత్తి కొనాలనుకుంటే ఇక్కడే కొనండి, పేరు కూడా చెక్కిస్తారు. చెక్-ఇన్ సామాన్లో పెట్టుకోవడం మరిచిపోకండి.

గైడ్ సంగతి. 1949 నుంచి అక్కడ డబ్బు తీసుకుని విదేశీ భాషలో గైడింగ్ చేయాలంటే ప్రభుత్వ పరీక్ష పాసవ్వాల్సిందే. 2018 జనవరి నుంచి ఆ నిబంధన తీసేశారు, ఎవరైనా చేయొచ్చు. పరీక్ష మాత్రం ఉంది, పాసైనవాళ్ళకు ఆ హోదా ఉంటుంది. బుక్ చేసేటప్పుడు అది అడగండి. స్వచ్ఛందంగా, డబ్బు తీసుకోకుండా తిప్పేవాళ్ళూ ఉన్నారు, కామినారిమోన్ గేటు ఎదురుగా ఉన్న టూరిజం భవనంలో కనుక్కోవచ్చు. ఆ భవనం ఎనిమిదో అంతస్తుకు ఎటూ వెళ్ళండి, పైసా ఖర్చు లేదు, బజారు తిన్నగా గుడిలోకి ఎలా వెళుతుందో అక్కడ్నుంచి తెలుస్తుంది. టిప్పు ఇవ్వబోతే ఇబ్బంది పడతారు, ఇవ్వకండి. ఆదివారం మాత్రం పెట్టుకోవద్దు, కప్పాబాషిలో చాలా షట్టర్లు దించేసి ఉంటాయి.

ఇక ప్రశ్నలు అడగండి.