పందిరి కాలితే అప్పు మాఫీ కాదు: ‘ఫైర్!!’ అసలు కథ

హార్లెం రెనెసాన్స్, అంటే 1920లలో న్యూయార్క్ హార్లెం పేటలో నల్లజాతి రచయితలు, కళాకారులు తెచ్చిన వికాసం గురించి ఎవరు మాట్లాడినా చివర్లో ఒక మాట చెప్పి చప్పట్లు కొట్టించుకుంటారు: “ఫైర్ అని పేరు పెట్టుకున్న పత్రిక నిప్పుకే ఆహుతైంది!” వినడానికి బాగుంటుంది. నాకు మాత్రం ఒళ్లు మండుతుంది. ఆ పత్రిక మంటల్లో పోలేదండీ, అప్పులో పోయింది. మంట ఆ తర్వాత సంగతి.

ఈ పత్రిక పెట్టడాన్ని ఒక పెళ్లి అనుకోండి. ఏడుగురు మిత్రులు తలా కొంత వేసుకుని ఘనంగా చేద్దామనుకున్నారు. ముహూర్తం 1926 నవంబరు. ఆ ఏడుగురు ఎవరంటే వాలెస్ థర్మన్, లాంగ్‌స్టన్ హ్యూస్, జోరా నీల్ హర్‌స్టన్, చిత్రకారుడు ఏరన్ డగ్లస్, రిచర్డ్ బ్రూస్ న్యూజెంట్, గ్వెండొలిన్ బెనెట్, జాన్ డేవిస్. తలా యాభై డాలర్లు అని మాట. ఇచ్చింది అందరూ కాదు. పెళ్లిపెద్ద థర్మన్. అచ్చుకర్చు వెయ్యి డాలర్ల దాకా అయింది, ఆ బాకీ అతని నెత్తిన పడింది.

(తెరపై: ఎరుపు, నలుపు రంగుల్లో డగ్లస్ వేసిన ముఖచిత్రం)

ఇంత కర్చు ఎందుకంటారా? డగ్లస్ బొమ్మలకు తగ్గ కాగితం కావాలని మీగడ రంగు మేలురకం తెప్పించారు. వెల ఒక డాలరు. అప్పట్లో నల్లజాతి నాయకుడు డూబాయిస్ నడిపే ‘క్రైసిస్’ పత్రిక పదిహేను సెంట్లకే దొరికేది. వీళ్లకున్న తెగింపు ‘క్రైసిస్’కు ఉండదు, ‘క్రైసిస్’ వెనకున్న నల్లవాళ్ల హక్కుల సంస్థ లాంటి అండ వీళ్లకు లేదు. డూబాయిస్ లాంటి పెద్దలకు కావలసింది తెల్లవాళ్ల ముందు పరువు నిలిపే సాహిత్యం. వీళ్లకు కావలసింది చాకిరేవు. మాటవరసకు అనడం లేదు. ఇందులో జోరా రాసిన ‘స్వెట్’ కథానాయిక డెలియా ఫ్లోరిడాలో తెల్లవాళ్ల బట్టలు ఉతికే మనిషి. ఆమెను వదిలించుకోవాలని మొగుడు మాసిన బట్టల బుట్టలో పామును పెడతాడు. చివరికి ఆ పాము అతన్నే కాటేస్తుంది. మనుషులు మాట్లాడుకునే యాసనే జోరా రాసింది. సంచిక మొత్తంలో నాకు ఈ ఒక్క కథ చాలు.

ఇంకో చిలిపి పని కూడా చేశారు. బోస్టన్‌లో పుస్తకాన్ని నిషేధిస్తే మిగతా ఊళ్లలో బాగా అమ్ముడుపోతుందని, నిషేధం తెచ్చే విషయాల్లో ఎవరు దేని మీద రాయాలో తేల్చుకోవడానికి థర్మన్, న్యూజెంట్ నాణెం ఎగరేశారు. బొమ్మా బొరుసా! స్వలింగ ప్రేమ న్యూజెంట్ వంతుకు, వేశ్యావృత్తి థర్మన్ వంతుకు వచ్చాయి. ఇద్దరూ బుద్ధిగా రాశారు. ఇంట్లోవాళ్లకు చెడ్డపేరు రాకూడదని న్యూజెంట్ తన ఇంటిపేరు తీసేసి ‘రిచర్డ్ బ్రూస్’ అని సంతకం చేశాడు. అంత చేసినా నిషేధం రాలేదు. బాల్టిమోర్ పత్రికలో సమీక్షకుడు మాత్రం తన ప్రతిని నిప్పుల్లో పారేశానని రాశాడు. ఒక్కడు తిడితే ఎన్ని ప్రతులు అమ్ముడవుతాయి చెప్పండి!

మళ్లీ మన పెళ్లి దగ్గరికి వద్దాం. వంటలు బ్రహ్మాండం, చదివింపులు సున్నా. పత్రికను దుకాణాలకు చేర్చే ఏర్పాటే లేదు. న్యూజెంట్ చంకన పెట్టుకుని కాలినడకన న్యూయార్క్ అంతా తిరిగాడు. గ్రీనిచ్ విలేజ్ పుస్తకాల కొట్లు కొన్ని అమ్మిపెట్టాయి కూడా. కానీ అతనికి ఉద్యోగం లేదు, ఆకలి ఉంది. వసూలైన డబ్బు హార్లెం చేరేలోపు భోజనాలకే అయిపోయేదని హ్యూస్ ఆత్మకథలో రాశాడు. చదివింపుల పళ్లెం పట్టుకున్నవాడే పస్తుంటే ఎవరిని తప్పుపడతాం?

ఇప్పుడు వస్తుంది ఆ ప్రసిద్ధమైన మంట. అమ్ముడుపోని వందల ప్రతులు ఒక అపార్టుమెంటు నేలమాళిగలో పెట్టారు, అక్కడ నిప్పంటుకుంది, చాలావరకు కాలిపోయాయి. పెళ్లి అయిపోయాక పందిరి తగలబడిందన్న మాట. పందిరి పోతే అప్పు మాఫీ అవుతుందా? థర్మన్ జీతం మూడు నాలుగేళ్లు ముద్రాపకుడి బాకీకి జప్తు అవుతూనే ఉంది. మిగతా కథంతా ఇక్కడే ఉంది, ఎవరూ చెప్పరు!

సమయం అయిపోతోంది, గబగబా చెప్పేస్తాను. 1934లో థర్మన్ క్షయతో పోయాడు, వయసు ముప్పై రెండు. 1982లో ‘ఫైర్!!’ను ఉన్నది ఉన్నట్టు మళ్లీ అచ్చువేశారు, అప్పటికి న్యూజెంట్ బతికే ఉన్నాడు. అన్నట్టు ఒకటి మరిచాను. పాత అప్పు తీరకముందే, 1928లో, థర్మన్ ఇంకో పెళ్లి పెట్టుకున్నాడు. ఈసారి పత్రిక పేరు ‘హార్లెం’. అదీ నవంబరులోనే. ‘ఫైర్!!’ లాగే అదీ ఒక్క సంచికే.