ఊరికంటే పెద్ద స్టేడియం: లాంచ్‌ఖుతి గురియా క్లబ్ కథ

అందరికీ నమస్కారం అండీ. పిల్లల్ని జార్జియా పంపుతున్న అమ్మానాన్నలకి, రేపో ఎల్లుండో ఫ్లైట్ ఎక్కబోయే తమ్ముళ్ళకి చెల్లెళ్ళకి ప్రత్యేకంగా. ఫీజులు, హాస్టల్, అన్నం దొరుకుతుందా లేదా, ఇవన్నీ నా ముందు మాట్లాడినవాళ్ళు చెప్పేశారు. నన్ను "ఆ దేశం గురించి ఏదైనా చెప్పు, నీ ఇష్టం" అన్నారు, టిబిలిసిలో ఎంబీబీఎస్ చేసొచ్చానుగా. నా ఇష్టం అన్నారు కాబట్టి ఒక ఫుట్‌బాల్ క్లబ్ గురించి చెప్తా. మెడిసిన్ చదవడానికి వెళ్ళేవాళ్ళకి ఫుట్‌బాల్ ఎందుకు అనుకోకండి, ఆ దేశంలో నాకు మొట్టమొదట అర్థమైంది ఈ క్లబ్ వల్లే.

క్లబ్ పేరు గురియా. ఊరి పేరు లాంచ్‌ఖుతి. రాజధాని టిబిలిసి నుంచి పడమరగా సుమారు 300 కిలోమీటర్లు, బతూమి వెళ్ళే రైలు దారిలోనే వస్తుంది, నల్లసముద్రం అక్కడికి దగ్గరే. గురియా అనేది ఆ ప్రాంతం పేరు, మనం కోనసీమ అన్నట్టు. చిన్న ప్రాంతం, 2014 జనాభా లెక్కల్లో మొత్తం కలిపి లక్షా 13 వేల మంది. లాంచ్‌ఖుతి టౌన్‌లో అయితే 6,400 మంది అటూ ఇటూ. ఇప్పుడు స్టేడియం లెక్క వినండి, 22 వేల మంది పడతారని కట్టారు. ఊళ్ళో పసిపిల్లలతో సహా అందరూ వచ్చి కూర్చున్నా మూడో వంతు కూడా నిండదు. ఈ లెక్క మొదటిసారి విన్నప్పుడు ఎక్కడో తప్పు రాశారనుకున్నా, వెళ్ళి చూశాక నమ్మా.

గురియా వాళ్ళ గురించి కొంచెం చెప్పాలి, లేకపోతే క్లబ్ అర్థం కాదు. జార్జియాలో గురియావాడు అనగానే వేగంగా మాట్లాడతాడు, తొందరగా కోపం వస్తుంది, పాట బాగా పాడతాడు అంటారు. వాళ్ళ పాటల్లో క్రిమంచులి అని ఒక గొంతు ఉంటుంది, అందరూ కింద పాడుతుంటే ఒక్కడు పైన సన్నగా, గొంతు విరిచి విరిచి పాడతాడు, ఒళ్ళు జలదరిస్తుంది. రాజకీయాల్లో కూడా తక్కువోళ్ళు కాదు. 1902 నుంచి 1906 దాకా ఇక్కడి రైతులు జార్ ప్రభుత్వానికి ఎదురు తిరిగి, పన్నులు కట్టం అని, తమ పంచాయతీలు తామే నడుపుకున్నారు. 1918లో జార్జియా రష్యా నుంచి విడిపోయి మొదటిసారి రిపబ్లిక్ అయినప్పుడు దాన్ని నడిపించిన నోయె జోర్దానియా పుట్టింది ఈ లాంచ్‌ఖుతిలోనే. ఎడువార్డ్ షెవర్ద్‌నాద్జే పేరు పెద్దవాళ్ళు వినే ఉంటారు, సోవియట్ నాయకుడు గోర్బచోవ్ దగ్గర విదేశాంగ మంత్రి, తర్వాత జార్జియా ప్రెసిడెంట్, ఆయన పుట్టిన మమతి కూడా లాంచ్‌ఖుతి పక్క పల్లెటూరే. ఆ 22 వేల స్టేడియానికి ఆయన తోడబుట్టిన ఎవ్‌గ్రఫీ షెవర్ద్‌నాద్జే పేరే పెట్టారు.

ఇంకొకటి, ఇది మాత్రం తీరిగ్గా చెప్తా, నాకు చాలా ఇష్టమైన సంగతి. లాంచ్‌ఖుతి మండలంలోనే షుఖుతి అని ఊరుంది. అక్కడ ప్రతి ఈస్టర్ ఆదివారం లెలో బుర్తి అని ఒక ఆట ఆడతారు. తోలు బంతి కుడతారు, లోపల మట్టి కూరతారు, వైన్ పోసి తడుపుతారు, అంతా అయ్యేసరికి ఆ బంతి 16 కిలోలు. ఫుట్‌బాల్ అరకిలో కూడా ఉండదండీ, ఇది పదహారు! చర్చిలో ఫాదర్ దీవించి జనంలోకి వదులుతాడు, ఇక ఎగువ షుఖుతి ఒక జట్టు, దిగువ షుఖుతి ఒక జట్టు, జట్టుకి ఎంతమంది అనే లెక్క లేదు, పెద్దగా రూల్స్ లేవు, ఊరికి రెండు వైపులా రెండు వాగులుంటాయి, ఎవరు బంతిని తమ వాగు దాటిస్తే వాళ్ళు గెలిచినట్టు. వాగుల మధ్య దూరం ఎక్కువుండదు, నడిస్తే రెండు మూడు నిమిషాలు, కానీ అంతమంది మనుషులు ఒకళ్ళనొకళ్ళు తోసుకుంటూ ఒక ముద్దలా అయిపోయి ఉంటారు కాబట్టి గంటలు పడుతుంది. ఎవరైనా కింద పడితే చేతులు పైకెత్తి ఆపేసి లేపుతారు, మళ్ళీ మొదలు. గెలిచాక ఆ బంతిని ఏం చేస్తారనుకుంటున్నారు? కప్పులా షోకేస్‌లో పెట్టరు. స్మశానానికి తీసుకెళ్ళి, ఆ ఊళ్ళో చనిపోయినవాళ్ళలో ఒకరి సమాధి మీద పెడతారు. గెలుపు పోయినవాళ్ళకి. మనం పెద్దల పేరు మీద విస్తరి పెట్టినట్టు.

అలాంటి నేల మీద క్లబ్ పుట్టింది, 1924 అని చెప్తారు. చాలా ఏళ్ళు మామూలు ఊరి టీమే. అప్పట్లో జార్జియా సోవియట్ యూనియన్‌లో భాగం. చుట్టూ తేయాకు తోటలు, సోవియట్ యూనియన్ తాగే టీలో పెద్ద భాగం జార్జియాదే, అందులో గురియా వాటా తక్కువేం కాదు. పగలు తోటలో, ఫ్యాక్టరీలో పని, సాయంత్రం గ్రౌండ్.

ఇక్కడ మన క్రికెట్ పిల్లల కోసం ఒక మాట. ఐపీఎల్‌లో టీమ్ ఆఖర్లో నిలిచినా వచ్చే ఏడు మళ్ళీ అదే లీగ్ ఆడుతుంది కదా. ఫుట్‌బాల్‌లో అలా కుదరదు, ఆఖర్లో ఉంటే కింది డివిజన్‌కి పంపేస్తారు, కింద బాగా ఆడినవాడు పైకొస్తాడు. అంటే పల్లెటూరి టీమ్ కూడా ఒక్కో మెట్టూ ఎక్కుతూ వెళ్తే దేశంలో అన్నింటికంటే పెద్ద లీగ్‌కి చేరొచ్చు, కాగితం మీద ఎవ్వరూ ఆపరు. సోవియట్ లీగ్ అలాంటి నిచ్చెనే, కాకపోతే మామూలు నిచ్చెన కాదు, మాస్కో నుంచి మధ్య ఆసియా దాకా పదిహేను రిపబ్లిక్కుల నిచ్చెన.

1986లో గురియా ఆ నిచ్చెన పై మెట్టుకి ఎక్కేసింది. ఆ ఏడు దాంతోపాటు పైకొచ్చిన ఇంకో టీమ్ మాస్కో సీఎస్‌కేఏ, అంటే ఎర్ర సైన్యం టీమ్. ఒక పక్క సైన్యం, ఇంకో పక్క కొన్ని వేల మంది ఉన్న తేయాకు టౌన్. 1987 టాప్ లీగ్‌లో 16 టీములు, అందులో ఆ ఏడు ఛాంపియన్ అయిన స్పార్తక్ మాస్కో ఉంది, ముందటేడు యూరప్ బెస్ట్ ప్లేయర్ అవార్డ్ కొట్టిన బెలానోవ్ ఆడే డైనమో కీవ్ ఉంది, సొంత దేశం నుంచి డైనమో టిబిలిసి ఉంది, 1981లో యూరప్ కప్ విన్నర్స్ కప్ తెచ్చిన టీమ్ అది. అదే షెడ్యూల్ కాగితం మీద లాంచ్‌ఖుతి.

షెవర్ద్‌నాద్జే పలుకుబడి వల్లే పైకొచ్చారు అని చాలామంది అంటారు, జార్జియాలోనే అంటారు. నేను దాన్ని పూర్తిగా కొట్టిపారేయను, అంత పెద్ద స్టేడియం అంత చిన్న ఊళ్ళో ఊరికే లేవదు. కానీ అప్పటిదాకా జార్జియా కమ్యూనిస్ట్ పార్టీని నడిపిన ఆయన 1985లోనే టిబిలిసి వదిలి మాస్కో వెళ్ళిపోయాడు, విదేశాంగ మంత్రిగా. టీమ్ పైకొచ్చింది 1986 సీజన్‌లో. పలుకుబడి స్టేడియం కట్టిపెడుతుంది, జీతాలు ఇప్పిస్తుంది, ఏడాది పొడుగునా దేశం ఆ చివర నుంచి ఈ చివరకి తిరిగి పాయింట్లు తెచ్చేది మాత్రం కాళ్ళే. ఆ కుర్రాళ్ళ కష్టాన్ని మొత్తం ఒక మంత్రి ఖాతాలో వేసేయడం నాకు నచ్చదు.

టాప్ లీగ్‌లో ఉన్నది ఒక్క ఏడాదే. 30 మ్యాచులు ఆడారు, ఆఖరి స్థానం, 16. కిందకి దిగిపోయారు. వాళ్ళ పైన 15వ స్థానంలో ఎవరున్నారో తెలుసా, సీఎస్‌కేఏ! కలిసి ఎక్కారు, కలిసి దిగారు. సైన్యం నిలబడలేని చోట ఒక చిన్న ఊరు నిలబడలేదని ఎవరు తప్పు పడతారు.

చాలామంది ఈ కథని ఇక్కడితో ఆపేస్తారు, పైకెళ్ళి పడిపోయారు పాపం అని. నేను మీకు చెప్పాలని వచ్చింది దీని తర్వాతది.

1989 ఏప్రిల్ 9న టిబిలిసిలో స్వాతంత్ర్యం కావాలని రోడ్డు మీద కూర్చున్న జనం మీద సోవియట్ సైన్యం పడింది, 20 మంది దాకా చనిపోయారు, అందులో ఎక్కువమంది ఆడవాళ్ళు. మీరు వెళ్ళాక రుస్తవెలి రోడ్డులో పార్లమెంట్ ముందు చూడండి, ఆ రోజు గుర్తుగా స్మారకం ఉంటుంది, ఏప్రిల్ 9న అక్కడంతా పూలే. ఆ దెబ్బతో జార్జియా మనసు మాస్కో నుంచి పూర్తిగా విరిగిపోయింది. 1990 ఫిబ్రవరిలో జార్జియా ఫుట్‌బాల్ ఫెడరేషన్ విడిగా నిలబడింది, ఇక మీ లీగ్‌లో ఆడం అనేసింది. దేశం అధికారికంగా స్వతంత్రం ప్రకటించుకుంది 1991 ఏప్రిల్ 9న, అంటే ఫుట్‌బాల్ ఏడాది ముందే బయటికొచ్చేసింది. డైనమో టిబిలిసి టాప్ లీగ్ నుంచి వచ్చేసింది, గురియా కూడా వచ్చేసింది, 1989లో కింది ఫస్ట్ లీగ్‌లో రెండో స్థానంతో మళ్ళీ టాప్ లీగ్‌కి చోటు సంపాదించుకొని కూడా.

డైనమో వదిలేసింది అని అందరూ రాస్తారు. కరెక్టే, పెద్ద త్యాగమే. కానీ డైనమో రాజధాని టీమ్, ఏ లీగ్‌లో ఆడినా రాజే, 1990 నుంచి 1999 దాకా పదిసార్లు వరసగా జాతీయ ఛాంపియన్ వాళ్ళే. గురియాకి ఉన్నదల్లా ఆ నిచ్చెన ఒక్కటే. ఆ పెద్ద లీగ్ ఉంది కాబట్టే కీవ్‌లో, మాస్కోలో లాంచ్‌ఖుతి అనే పేరు పలికారు. తన పేరు పలికించిన మెట్టుని తనే వదులుకొని వచ్చేసింది ఆ క్లబ్. దాన్ని ఎవరూ త్యాగం అనరు, చిన్న క్లబ్ కదా అని వదిలేస్తారు, నాకు అదే బాధ.

కొత్త దేశంలో మొదట బాగానే మొదలెట్టారు. 1990లో మొదటి జాతీయ లీగ్‌లో రెండో స్థానం. అదే ఏడు మొట్టమొదటి జార్జియన్ కప్ గెలిచింది గురియానే, ఇప్పుడు ఆ కప్‌కి డైనమో టిబిలిసి పాత ఆటగాడు డేవిడ్ కిపియాని పేరు పెట్టారు, ఆ వరస చూస్తే తలకట్టున ఉండేది లాంచ్‌ఖుతి పేరే.

తర్వాత తొంభైలు. జార్జియాలో తొంభైలు అన్న మాట పెద్దవాళ్ళు గొంతు తగ్గించి అంటారు. టిబిలిసి వీధుల్లో కాల్పులు, విడిపోతానన్న అబ్ఖాజియా ప్రాంతంలో యుద్ధం, కరెంట్ లేదు, గ్యాస్ లేదు, చలికాలం కట్టెల పొయ్యి. టీ కొనే సోవియట్ మార్కెట్ పోయింది, తేయాకు తోటలు అడవిలా పెరిగిపోయాయి, ఇప్పటికీ గురియాలో రోడ్డు పక్కన ఆ తుప్పలు కనిపిస్తాయి. పనికోసం జనం రష్యా, టర్కీ, గ్రీస్ వెళ్ళిపోయారు, 1989లో 54 లక్షలున్న దేశ జనాభా 2014 లెక్కల్లో 37 లక్షలకి వచ్చింది, అబ్ఖాజియా, దక్షిణ ఒసేషియా ఆ లెక్కలో లేవనుకోండి. ఫ్యాక్టరీ మూతపడ్డ ఊళ్ళో, కుర్రాళ్ళు లేని ఊళ్ళో క్లబ్ ఎలా నడుస్తుంది చెప్పండి. జారింది. 2010ల్లో కొన్ని సీజన్లు మళ్ళీ టాప్ డివిజన్‌కి వచ్చింది, మళ్ళీ కిందకెళ్ళింది. ఇప్పుడు అక్కడ పై లీగ్‌లో పది టీములే, కింద ఎరోవ్నులి లీగా 2లో పది, దాని కింద లీగా 3, లీగా 4, ఆ కింద రీజనల్ లీగ్. పదే సీట్లున్నప్పుడు చిన్న ఊరికి చోటు కష్టం.

నేను చూసిన మ్యాచ్ అలాంటి కింది డివిజన్‌దే. మూడో ఏడు, నవంబర్, ఎగ్జామ్ అయిపోయింది, ఒక్కడినే రైలెక్కా. స్టేడియం లోపలికెళ్తే సిమెంట్ మెట్ల పగుళ్ళలో గడ్డి, వర్షం నీళ్ళు, ఒక పక్కన మాత్రం రెండొందల మంది దాకా ఉన్నారు, అందరూ పొద్దుతిరుగుడు గింజలు కొరుకుతూ తొక్కలు కిందే ఊస్తున్నారు. నా పక్కన ఒక తాత. నన్ను చూసి ముందు "ఇందోయేతి?" అన్నాడు, ఇండియానా అని, అవునంటే రాజ్ కపూర్ అన్నాడు, అక్కడి పెద్దవాళ్ళందరూ అంతే. ఇక మ్యాచ్ అయ్యేదాకా నన్ను "ష్విలో" అనే పిలిచాడు, అంటే బిడ్డా అని, మన ఇంట్లో నాయనా అన్నట్టు. నా జార్జియన్ అంతంతమాత్రం, ఆయనదేమో గురియా స్పీడు, సగం చేతులతోనే మాట్లాడుకున్నాం.

ఎదురుగా ఖాళీ స్టాండ్ వైపు చెయ్యి చూపించి, 87లో అటు మెట్ల మీద కూర్చోడానికి చోటు లేదు, పల్లెల నుంచి లారీల్లో వచ్చేవాళ్ళు, చెట్లెక్కి చూశారు అన్నాడు. తను ఎక్కడ కూర్చునేవాడో కూడా చూపించాడు, ఎన్నో మెట్టో వేలితో లెక్కపెట్టి మరీ. ఆ మెట్టు మీద ఇప్పుడు చిన్న చెట్టు మొలిచింది. నేను నాకొచ్చిన నాలుగు ముక్కల్లో అడిగా, 1990లో లీగ్ వదిలేసి రాకుండా ఉండాల్సింది అనిపించిందా తాతా అని. ఆయన ముందు నా ప్రశ్న అర్థం కానట్టు చూశాడు. రెండోసారి అడిగితే "మన బంతి మన వాగు దాటాలి కదా ష్విలో" అన్నాడు. అప్పటికి నాకు షుఖుతి ఆట గురించి తెలీదు, ఏం వాగు, ఏం బంతి అనుకున్నా. ఆ తర్వాత ఈస్టర్‌కి ఫ్రెండ్స్‌తో షుఖుతి వెళ్ళి, ఆ బంతిని సమాధి మీద పెట్టడం కళ్ళారా చూసినప్పుడు ఆ మాట గుర్తొచ్చి అక్కడే నిలబడిపోయా.

మ్యాచ్ అయ్యాక రైలుకి ఇంకా గంటన్నర ఉంది. ఆయనే స్టేషన్ దాకా నడిచొచ్చాడు, వద్దన్నా వినలేదు, దారిలో వాళ్ళింటి దగ్గర ఆగి మాండరిన్లు, అదే మన కమలాపళ్ళ లాంటివి, నా జాకెట్ జేబులు రెండూ నిండేదాకా కుక్కాడు. టిబిలిసి చేరేసరికి అర్ధరాత్రి అయింది, రూమ్‌లో అందరం పంచుకు తిన్నాం.

మీరు వెళ్ళాక ఒక్క శనివారమో ఆదివారమో ఖాళీ చేసుకొని లాంచ్‌ఖుతి వెళ్ళండి. మ్యాచ్ ఉందో లేదో ముందే కనుక్కోండి, షెడ్యూల్ మారుతూ ఉంటుంది. గొడుగు మర్చిపోవద్దు, గురియాలో వాన ఎప్పుడొస్తుందో చెప్పలేం. ఇప్పుడు ఎవరైనా ఏమైనా అడగాలంటే అడగండి, హాస్టల్ గురించైనా సరే.