దాచి ఉన్న సెట్టింగ్‌లు మార్చితే గేమ్ ల్యాగ్ (తడబాటు) తగ్గుతుందా?

నమస్కారం. కర్నూలు నుంచి చేస్తున్న ఈ రివ్యూలో నేడు పరిశీలిస్తున్నది కొత్త ఫోనును కాదు, మీ ఆండ్రాయిడ్ ఫోనులోనే మరుగున ఉన్న, యాప్‌లు తయారుచేసేవారి కోసం ఉద్దేశించిన డెవలపర్ ఆప్షన్స్ మెనూను. సెట్టింగ్స్‌లో అబౌట్ ఫోన్ తెరిచి, బిల్డ్ నంబర్‌పై 7 సార్లు నొక్కి, లాక్ పిన్ ఇస్తే అది తెరుచుకుంటుంది. శాంసంగ్‌లో ఆ నంబరు సాఫ్ట్‌వేర్ ఇన్ఫర్మేషన్ లోపల ఉంటుంది.

అందులో విండో యానిమేషన్ స్కేల్, ట్రాన్సిషన్ యానిమేషన్ స్కేల్, యానిమేటర్ డ్యూరేషన్ స్కేల్ అనే మూడింటినీ 1ఎక్స్ నుంచి 0.5ఎక్స్‌కు మార్చాను. ఇప్పుడు వాట్సాప్ తెరిచి మూస్తుంటే తెర చటుక్కున మారడం మీరే చూడవచ్చు. ప్రాసెసర్ వేగం ఇసుమంతైనా పెరగలేదు. కదలిక చూపే సమయం సగమైంది, అంతే. అయినా పాత ఫోను ఉన్నవారికి నేను నిస్సంకోచంగా చెప్పగల మార్పు ఇదొక్కటే. పూర్తిగా ఆఫ్ చేస్తే మాత్రం కొన్ని యాప్‌లలో లోడింగ్ చక్రం తిరగక, ఫోను బిగుసుకుపోయిందేమోనన్న అనుమానం కలుగుతుంది.

గేమింగ్ సంగతి వేరు. 60 హెర్ట్జ్ తెరపై, అంటే సెకనుకు 60 సార్లు బొమ్మ మారే తెరపై, ఒక్కో ఫ్రేముకు (ఒక్కో బొమ్మకు) సుమారు 16.7 మిల్లీసెకన్లు, 120 హెర్ట్జ్ తెరపై 8.3 మిల్లీసెకన్ల వ్యవధి ఉంటుంది. అయితే గేమే సెకనుకు 60 ఫ్రేములకు పరిమితమైనప్పుడు, తెరను బలవంతంగా 120లో నిలిపినా బ్యాటరీ తరుగుతుందే తప్ప ఫ్రేములు పెరగవు. ఫోర్స్ 4ఎక్స్ ఎంఎస్‌ఏఏ అనేది బొమ్మల అంచులను నునుపు చేయడానికి గ్రాఫిక్స్ చిప్‌పై అదనపు భారం మోపే ఆప్షన్. దాన్ని వేగం పెంచే ఉపాయమని ఎందుకు ప్రచారం చేస్తారో నాకు బోధపడదు.

మన సీమలో మే నెల ఆటకు అసలు ఆటంకం వేడి. 40 డిగ్రీలు దాటిన మధ్యాహ్నం, రేకుల ఇంట్లో ఛార్జింగ్ పెట్టి ఆడితే, చిప్ తనను తాను కాపాడుకోవడానికి వేగం తగ్గించుకుంటుంది. మొదట సాఫీగా సాగిన ఆట కాసేపటికి తడబడేది అందుకే. ఛార్జరు, వెనుక కవరు తీసేసి, ఫ్యాను కింద కూర్చుని, గేమ్‌లోనే గ్రాఫిక్స్ స్థాయి తగ్గించుకోవడం ఈ మెనూ కన్నా ఎక్కువ మేలు చేస్తుంది. చల్లబడాలని ఫ్రిజ్‌లో పెట్టకండి, లోపల తేమ చేరుతుంది.

డెవలపర్ ఆప్షన్స్ ఆన్‌లో ఉంటే కొన్ని బ్యాంకు యాప్‌లు తెరుచుకోవు. అప్పుడు ఆ మెనూలో పైనున్న స్విచ్ ఆఫ్ చేయాలి, దాంతో యానిమేషన్ స్కేళ్లు సాధారణంగా 1ఎక్స్‌కు తిరిగి వస్తాయి. కేబుల్‌తో కలిపిన కంప్యూటర్ నుంచి ఫోనుకు ఆదేశాలు ఇవ్వనిచ్చే యూఎస్‌బీ డీబగ్గింగ్ జోలికి మాత్రం వెళ్లవద్దు, ఆటకు దానితో పనే లేదు.