జైలు గదిలోంచి సినిమాలు రాసినాయన

శ్రోతలందరికీ నమస్కారం. ఈ పూట మనం టర్కీ సినిమా రచయిత యిల్మాజ్ గునెయ్ గురించి చెప్పుకుందాం. రచయిత అంటున్నాను గానీ, అక్కడి మామూలు ప్రేక్షకుడు ఈయన్ని గుర్తుపట్టేది హీరోగా. 1960ల్లో ఒక్కో ఏడు ఇరవై సినిమాల దాకా చేసేవాడట, చాలావరకు తుపాకులూ తన్నులాటలే. నున్నగా మెరిసే హీరోల మధ్య బక్కపల్చటి, ఎండకు మాడిన మొహం ఈయనది, అందుకే జనం ముద్దుగా 'కురూపి రాజు' అని పేరు పెట్టుకున్నారు.

పుట్టింది 1937లో, అదానా దగ్గర పల్లెలో, పొలం పనులు చేసుకునే కుర్దు జాతి కుటుంబంలో. అదానా అంటే పత్తి పండే ప్రాంతం. సినిమా పంపిణీ కంపెనీలో పని చేశాడు, తర్వాత ఆతిఫ్ యిల్మాజ్ అనే దర్శకుడి దగ్గర చేరి 1950ల చివర్లోనే స్క్రిప్టులు రాయడం మొదలుపెట్టాడు. అంతలో తను రాసిన ఒక కథలో కమ్యూనిస్టు ప్రచారం ఉందని 1961లో జైల్లో వేశారు.

స్టార్‌గా సంపాదించుకున్న పేరునంతా పెట్టుబడిగా పెట్టి 1970లో 'ఉముత్' తీశాడు, అంటే 'ఆశ'. రాత, దర్శకత్వం, ప్రధాన పాత్ర అన్నీ ఆయనవే. అదానాలో గుర్రబ్బండి తోలే జబ్బార్, ఇంటినిండా పిల్లలు, ఒంటినిండా అప్పులు, చేతిలో లాటరీ టికెట్లు. ఓ కారు గుద్ది గుర్రం చచ్చిపోతే తప్పు కారువాడిది కాదు, జబ్బార్‌దే అవుతుంది. చివరికి మంత్రాలు చదివే ఒక హోజా, అంటే ముస్లిం మతగురువు, మాట నమ్మి నిధి కోసం నేల తవ్వుతాడు. ప్రభుత్వం ఈ సినిమాని నిషేధించింది, పేదవాణ్ణి ఉన్నదున్నట్టు చూపిస్తే అంత భయమెందుకో!

ఇక్కడ ఒక మాట దాచకుండా చెప్పాలి. 1974లో షూటింగ్ కోసం వెళ్ళిన ఊళ్ళో గొడవ జరిగి, తుపాకీ పేలి ఒక జడ్జి చనిపోయాడు, కాల్చింది గునెయ్యే అని కోర్టు తేల్చి 19 ఏళ్ళ శిక్ష వేసింది. ఆయన అభిమానులు ఈ సంగతి గబగబా దాటేస్తుంటారు. అది సరి కాదని నా ఉద్దేశం, ఒక మనిషి ప్రాణం పోయింది మరి.

అసలు విశేషం ఆ తర్వాతే. సెట్ మీదికి వెళ్ళలేని మనిషి కదా, అందుకే స్క్రిప్టు చాలా వివరంగా రాసి బయటికి పంపేవాడు, స్నేహితులు తీసేవాళ్ళు. జెకీ ఓక్తెన్ 1978లో 'సురు' తీశాడు, షెరీఫ్ గోరెన్ 'యోల్' తీశాడు. 'యోల్'లో కొద్దిరోజుల సెలవు మీద జైలు నుంచి ఇళ్ళకి బయల్దేరిన ఐదుగురు ఖైదీలు, బయట సైనిక పాలన. వాళ్ళలో సెయిత్ అలీ భార్య తప్పుచేసిందని పుట్టింటివాళ్ళు ఆమెను గొలుసుతో కట్టేసి ఉంచారు, చంపాల్సింది మొగుడే. చంపలేక, మంచుకొండల మీదుగా నడిపించుకుపోతాడు, చలే ఆ పని చేసేస్తుందిలే అని. తీరా ఆమె కూలబడేసరికి భుజానికెత్తుకుంటాడు, నిద్రపోతే ప్రాణం పోతుందని బెల్టుతో కొడతాడు, కొడుకుచేత కూడా కొట్టిస్తాడు. చంపడానికి తీసుకొచ్చినవాడు బతికించడానికి కొడుతున్నాడు! ఈ ఒక్క ఘట్టం చాలు, రాసినవాడి చెయ్యి ఎలాంటిదో తెలియడానికి.

1981లో తనూ ఆ ఖైదీల్లాగే సెలవు మీద బయటికొచ్చి, మళ్ళీ వెళ్ళలేదు. దేశం దాటి, స్విట్జర్లాండ్‌లో 'యోల్' ఎడిటింగ్ పూర్తి చేశాడు. 1982లో ఫ్రాన్స్‌లోని కాన్ సినిమా ఉత్సవంలో దర్శకుడు కోస్టా గావ్రాస్ సినిమా 'మిస్సింగ్'తో కలిపి దానికి పామ్ డోర్, అంటే అక్కడి అతిపెద్ద బహుమతి, ఇచ్చారు. టర్కీ మాత్రం పౌరసత్వం రద్దు చేసింది, ఆ సినిమా అక్కడి థియేటర్లకి రావడానికి 1999 దాకా పట్టింది.

ఆయన అప్పటిదాకా లేడు. 1984 సెప్టెంబరులో కడుపు క్యాన్సర్‌తో పారిస్‌లో పోయాడు, 47 ఏళ్ళకే. సమాధి అక్కడి పేర్ లాషేజ్ శ్మశానంలో ఉంది.

కొత్తగా చూసేవాళ్ళకి నా సలహా, అందరూ చెప్పే 'యోల్' కంటే ముందు 'సురు' చూడండి. గొర్రెల మందని రైలెక్కించి అంకారాకి అమ్మకానికి తోలుకెళ్ళే కుటుంబం కథ, దారి పొడుగునా గొర్రెలు తగ్గిపోతుంటాయి, లంచాలకి కొన్ని, చావుకి కొన్ని. పశువులు అమ్ముకుని బతికిన ఇంటివాళ్ళకి ఆ లెక్క ఎవరూ విప్పి చెప్పక్కర్లేదు.