కత్తికన్నా ముందు నోరు: కథల్లో పైరేట్ కెప్టెన్లు

అందరికీ నమస్కారమండీ. పైరేట్ల గురించి అనేసరికి పిల్లల ప్రోగ్రామ్ అనుకుని కొంతమంది పిల్లల్ని వెంటపెట్టుకొచ్చినట్టున్నారు, పర్లేదు కూర్చోనివ్వండి, కాకపోతే మధ్యలో ఒక హత్య వస్తుంది, ముందే చెప్పేస్తున్నా.

అలెగ్జాండర్ దగ్గరికి ఒక సముద్రపు దొంగని పట్టుకొస్తారు. ఏరా, సముద్రం మీద జనాన్ని ఇలా ఏడిపించడానికి నీకెంత ధైర్యం అని గద్దిస్తే వాడు తడుముకోకుండా, లోకాన్నంతా ఏడిపించడానికి నీకెంతో నాకూ అంతే, నాది చిన్న పడవ కాబట్టి దొంగనయ్యా, నీది పెద్ద నౌకాదళం కాబట్టి చక్రవర్తివయ్యావ్ అన్నాడట. సెయింట్ అగస్టీన్ 5వ శతాబ్దంలో రాసిపెట్టిన కథ ఇది. తర్వాత వచ్చిన పైరేట్ కెప్టెన్ల డైలాగులు చాలావరకు ఈ ఒక్క జవాబు నుంచి పుట్టినవే. 1879 నాటి ‘పైరేట్స్ ఆఫ్ పెంజాన్స్’ అనే సంగీత నాటకంలో పైరేట్ రాజు కూడా అదే పాడతాడు, ఓడలు నాలుగు ఎక్కువ ముంచుతానేమో గానీ సింహాసనం కాపాడుకోవడానికి రాజులు చేసే పాడుపనుల ముందు నాదెంత అని. ఆ నాటకంలో పైరేట్లంతా అనాథలు, కాబట్టి అనాథల జోలికి పోరు, ఆ సంగతి ఊరంతా తెలిసిపోయి ఏ ఓడని పట్టుకున్నా అందులో అందరూ అనాథలమే అంటుంటారు, పాపం వీళ్ళకి బేరం ఉండదు.

సరే, నవ్వుకున్నాం. కానీ అలెగ్జాండర్ కథలో నాకు ఎప్పుడూ ఒక మనిషి లోటు కనిపిస్తుంది. దొంగ ఉన్నాడు, రాజు ఉన్నాడు, దొంగ రాజుకి చురక పెట్టాడు, మనం చప్పట్లు కొట్టాం, కానీ ఆ దొంగ దోచుకున్న పడవలో ఉన్నవాడేడీ? వాడు కూడా అక్కడ నిలబడి ఉంటే ఈ డైలాగ్ ఇంత బాగా పేలుతుందా? ఈ రోజు నేను చెప్పదలుచుకున్నదంతా దీని చుట్టూనే తిరుగుతుంది.

ముందు ఒక సంగతి. కథల్లో పైరేట్ కెప్టెన్లంతా ఇంత మాటకారులు ఎందుకు? రచయితల సరదా ఒక్కటే కాదు, దీనికి చరిత్రలో కారణం ఉంది. 18వ శతాబ్దం మొదట్లో అట్లాంటిక్‌లో తిరిగిన పైరేట్ ఓడల్లో కెప్టెన్ని సిబ్బందే ఓటేసి ఎన్నుకునేవాళ్ళు. వేటలోనూ పోరాటంలోనూ అతను చెప్పిందే వేదం, మిగతా టైమ్‌లో క్వార్టర్‌మాస్టర్ చూసుకునేవాడు, అతన్నీ వాళ్ళే ఎన్నుకునేవాళ్ళు. 1718లో చార్ల్స్ వేన్ అనే కెప్టెన్ ఒక ఫ్రెంచ్ యుద్ధనౌకని చూసి వద్దురా బాబూ పోదాం పదండి అన్నాడు, అంతే, పిరికివాడని ఓటేసి దించేశారు, క్వార్టర్‌మాస్టర్ జాక్ రాకమ్‌ని కెప్టెన్ చేశారు. నేవీ కెప్టెన్ చేతిలో చట్టం ఉంటుంది కొరడా ఉంటుంది, వాడు ముంగిలా ఉన్నా చెల్లిపోతుంది. పైరేట్ కెప్టెన్ అలా కాదు, రోజూ జనాన్ని తన వైపు తిప్పుకుంటూనే ఉండాలి, నోరు పడిపోయిందా పదవి పోయినట్టే.

ఇది బాగా పట్టుకున్న రచయిత స్టీవెన్సన్. ‘ట్రెజర్ ఐలాండ్’ 1881-82లో పిల్లల పత్రికలో సీరియల్‌గా వచ్చింది, 1883లో పుస్తకమైంది, మనకి నండూరి రామమోహనరావు గారు ‘కాంచన ద్వీపం’ అని తెలుగు చేశారు. అందులో లాంగ్ జాన్ సిల్వర్. ఒంటికాలు, చంక కింద కర్ర, భుజం మీద చిలక, నిధి కోసం బయల్దేరే ఓడలో వంటవాడిగా చేరతాడు. స్టీవెన్సన్‌కి హెన్లీ అని ఒక కవి మిత్రుడు ఉండేవాడు, జబ్బు వల్ల ఒక కాలు తీసేసినా మనిషి మాత్రం సింహంలా ఉండేవాడట, సిల్వర్‌కి మూలం ఆయనే. (‘పీటర్ పాన్’లో వెండీ పేరు కూడా ఆ హెన్లీ గారి చిన్నపాప ముద్దుమాటల్లోంచి వచ్చిందే, ఒకే ఇంట్లోంచి రెండు!)

మిగతా పైరేట్లు దొరికింది దొరికినట్టు తాగేస్తే సిల్వర్ మాత్రం దాచుకుంటాడు. ఇంగ్లండ్ అనే కెప్టెన్ కింద చేసి 900 పౌండ్లు, ఫ్లింట్ కింద చేసి 2000 వెనకేశానని కుర్ర నావికుడికి లెక్క చెప్తుంటే, యాపిల్ పీపాలో దాక్కున్న జిమ్ అనే పిల్లాడు వింటాడు. రేపు పార్లమెంట్‌కి వెళ్తానట, గుర్రబ్బండిలో తిరుగుతానట. ఇలాంటివాళ్ళని మనం చూడని వాళ్ళమా చెప్పండి!

సిల్వర్ వాళ్ళు తిరుగుబాటు మొదలెట్టాక టామ్ అనే నిజాయితీగల నావికుడు సిల్వర్‌తో కలవనంటాడు. సిల్వర్ ఎంత ఆప్యాయంగా మాట్లాడతాడంటే, నువ్వంటే నాకు బంగారంతో సమానం కాబట్టే ముందుగా చెప్తున్నా అంటాడు, అది అబద్ధమని నాకు అనిపించదు. ఇంతలో దూరంగా ఒక కేక, ఇంకో నావికుణ్ణి చంపేశారని అర్థమవుతుంది. టామ్ నువ్వెవరో నాకు తెలిసిపోయింది అని వీపు తిప్పి నడుచుకుంటూ పోతాడు. సిల్వర్ చెట్టుకొమ్మ పట్టుకుని చంకలో కర్ర లాగి విసిరేస్తాడు, అది సూటిగా వెళ్ళి వెన్ను మధ్యలో తగుల్తుంది, టామ్ పడిపోతాడు, కర్ర లేకుండానే సిల్వర్ కోతిలా వాడి మీదికి దూకి కత్తి రెండుసార్లు పిడిదాకా దించుతాడు. పొదల్లోంచి చూస్తున్న జిమ్‌కి కళ్ళు తిరుగుతాయి. తేరుకుని చూసేసరికి సిల్వర్ టోపీ సర్దుకుని, కర్ర చంకలో పెట్టుకుని, గడ్డిపరకతో కత్తి తుడుచుకుంటున్నాడు. ఆ గడ్డిపరక చూడండి, ఎంత మామూలుగా తుడుస్తున్నాడో.

ఇప్పుడు ఇంకో సీన్. జిమ్ వాళ్ళకి చిక్కాడు, నిధి ఇంకా దొరకలేదు, మనుషులు సగం పోయారు, మిగిలినవాళ్ళు సిల్వర్‌కి బ్లాక్ స్పాట్ ఇస్తారు, అంటే పైరేట్ల అవిశ్వాస తీర్మానం. చిన్న కాయితం ముక్క, ఒక వైపు మసి, రెండో వైపు పదవి నుంచి తీసేశాం అని స్పెల్లింగ్ తప్పుతో. ప్రాణం పోయే టైమ్‌లో వీడేం చేస్తాడూ? కాయితం చూసి, ఒరేయ్ ఇది బైబిల్ కదరా, ఏ వెధవరా బైబిల్ చింపిందీ అంటాడు. అంతే, సభ మారిపోయింది, ఎవరు చింపారు ఎవరికి పాపం తగుల్తుంది అని వాళ్ళలో వాళ్ళకే భయం. అప్పుడు కాయితం తిప్పి చూసి, అబ్బ ఎంత చక్కటి దస్తూరి జార్జ్, అచ్చులా ఉంది అని మెచ్చుకుంటాడు. తర్వాత ఒక్కొక్క ఆరోపణకీ లాయర్‌లా జవాబు చెప్పి, చివర్న నిధి మ్యాప్ తీసి నేల మీద పడేస్తాడు, ఎగబడతారు, మళ్ళీ సిల్వర్‌కే జై కొడతారు. ఆ కాయితం ముక్కని జిమ్‌కి ఇదిగో దాచుకో తమాషాగా ఉంటుంది అని ఇచ్చేస్తాడు.

ఇలాంటి క్యారెక్టర్ల గురించి గ్రే షేడ్స్ అంటూ ఉంటాం, తెలుపూ నలుపూ కలిపితే బూడిదరంగు అన్నట్టు. సిల్వర్ విషయంలో నేనొప్పుకోను. వాడిలో ఏదీ కలవలేదు. జిమ్‌ని మిగతావాళ్ళ నుంచి కాపాడింది నిజం, నిధి దగ్గర పడుతున్నకొద్దీ అదే జిమ్‌ని నడుముకి తాడు కట్టి లాక్కెళ్తూ చంపేసేలా చూసింది నిజం, నిధి గొయ్యి ఖాళీ అని తెలిసిన మరుక్షణం వాడి చేతిలో పిస్టల్ పెట్టి జాగ్రత్త అన్నదీ నిజమే. మళ్ళీ పార్టీ మార్చావన్నమాట అంటాడు జిమ్, ఆ ఒక్క ముక్క చాలు. మన గిరీశం గుర్తొస్తాడు కదా, వాడూ నోటితోనే బతుకుతాడు, ఎప్పటికి ఏది అవసరమైతే దాన్నే మనసారా నమ్మేస్తాడు, కాకపోతే గిరీశం జేబులో కత్తి లేదు కాబట్టి మనం హాయిగా నవ్వుకున్నాం.

‘పీటర్ పాన్’లో పైరేట్ కెప్టెన్, ఒక చేతికి బదులు కొక్కేం ఉన్న హుక్ గురించి రెండు ముక్కలే. 1904లో నాటకం, 1911లో నవల. సిల్వర్ భయపడ్డ ఒకే ఒక్క మనిషి హుక్ అని రాశాడు ఆ కథ రచయిత బారీ, పక్కవాడి హీరోని అలా వాడుకోవడం భలే చిలిపితనం. హుక్‌కి మర్యాద పిచ్చి. వెండీని బందీగా పట్టుకున్నప్పుడు టోపీ తీసి వంగి చెయ్యి అందిస్తాడు, ఆ దర్జాకి ఆ పిల్ల అరవడం మర్చిపోతుంది. అదే హుక్ తన లేసు కాలర్ నలిపాడని సొంత మనిషినే కొక్కేంతో లేపేస్తాడు, నోట్లో సిగార్ కూడా తియ్యకుండా. నవ్వొస్తుంది, కానీ అక్కడ కూడా చచ్చినవాడికి ఒక పేరుంది, స్కైలైట్స్ అని.

ఇక జాక్ స్పారో. 2003లో ‘పైరేట్స్ ఆఫ్ ది కరీబియన్’ సినిమాలో ఆ ఎంట్రీ గుర్తుందా, ఓడ మునుగుతూ మునుగుతూ తెరచాప స్తంభం కొన ఒక్కటే పైకి కనిపిస్తుంటే సరిగ్గా దాని మీంచి రేవులోకి అడుగేస్తాడు, పడవ కట్టేసుకోడానికి డబ్బులిచ్చి అదే మనిషి సంచీ కొట్టేస్తాడు. జానీ డెప్‌కి ఆస్కార్ నామినేషన్ ఊరికే రాలేదు, నాకూ ఇష్టమే. కాకపోతే చూడండి, స్పారో దోచుకున్న ఓడలో జనం మనకి దాదాపు కనిపించరు, నిజమైన క్రూరత్వమంతా బార్బోసా, బెకెట్ లాంటి విలన్లకి అప్పజెప్పేసి ఇతనికి జోకులు మాత్రం మిగిల్చారు. ఇది సందిగ్ధం అనిపించుకోదు, డిస్కౌంట్.

ఈ డిస్కౌంట్ కొత్తదేం కాదు, మన దేశపు ఓడ మీదే ఒకసారి ఇచ్చారు. 1695లో హెన్రీ ఎవ్రీ అనే ఇంగ్లీష్ పైరేట్ గంజ్-ఎ-సవాయి అనే ఔరంగజేబు ఓడని పట్టుకున్నాడు, మక్కా యాత్రికులతో సూరత్‌కి తిరిగొస్తున్న ఓడ. రోజుల తరబడి హింస, ఆడవాళ్ళ మీద అత్యాచారాలు, కొందరు ఆత్మహత్య చేసుకున్నారు. సూరత్‌లో ఈస్టిండియా కంపెనీ వాళ్ళని జైల్లో పెట్టారు, ఎవ్రీ మాత్రం దొరకలేదు. 1712 వచ్చేసరికి లండన్‌లో అతని కథ ఆధారంగా నాటకం వేశారు, అందులో అతను మడగాస్కర్‌కి రాజు. ఔరంగజేబు మనవరాలు అతన్ని మనసిచ్చి పెళ్ళి చేసుకుందని జనం కథలు చెప్పుకున్నారు. ఓడలో జరిగినదాన్ని ప్రేమకథగా మార్చేశారండీ, నాకు ఇది చదివినప్పుడల్లా ఒళ్ళు మండుతుంది.

టైమ్ అయిపోయిందని సైగ చేస్తున్నారు. చదవాలనుకునేవాళ్ళు ‘ట్రెజర్ ఐలాండ్’లో 14వ చాప్టర్ చదివి, వెంటనే 29వ చాప్టర్ చదవండి, టామ్‌ని చంపినవాడు బైబిల్ ఎవడు చింపాడ్రా అని అడుగుతుంటే మీకు నవ్వొస్తుందో రాదో చూసుకోండి. నాకైతే ప్రతిసారీ వస్తుంది. ప్రశ్నలుంటే అడగండి, అదిగో వెనక చెయ్యెత్తిన పాప నుంచి మొదలెడదాం.